గాజుపట్టీ మీద పాత తేదీ

నవంబరు 26

సిమెంటు షాపు అతను జనవరిలో ఇచ్చిన డైరీ ఇది. అట్ట మీద 'బలమైన ఇల్లు, బలమైన బతుకు' అని అచ్చు వేయించాడు. ఇల్లు సంగతి సరే.

ఇన్నాళ్ళూ దీని అవసరం పడలేదు. కూర్చుని రాసుకునే తీరిక ఉన్నవాడు తాపీ ఎందుకు పట్టుకుంటాడు? ఇప్పుడు పనులు లేవు. జ్వరాల ఏడాదిలో ఇళ్ళు కట్టించేదెవరు, ఉన్న ఇళ్ళలోనే మనుషులు తగ్గిపోతే. మా ఇంట్లో ఇద్దరం మిగిలాం. ఆ ఇద్దరిలో మాట్లాడేది ఒకరే, ఆ ఒకరూ నేనే. అందుకని కాగితంతో మొదలుపెట్టాను.

ఈవేళ పాస్టరు గారు కబురు పెట్టారు. చర్చి వెనక గోడకు, పైన గ్యాలరీ చివర, కిటికీ మూల నుంచి కప్పు దాకా బీట వచ్చింది. పాతదా కొత్తదా అన్నది కాదు ప్రశ్న, కదులుతోందా ఆగిందా అన్నది ప్రశ్న. బీటకు అటూ ఇటూ సిమెంటు ముద్దలు పెట్టి, పల్చటి గాజుపట్టీ అడ్డంగా అతికించాను. గోడ వెంట్రుకంత కదిలినా గాజు పగులుతుంది. ముద్ద పచ్చిగా ఉండగానే మేకుతో తేదీ గీశాను. గాజు మారిస్తే తేదీ మార్చాలి. మా పనిలో అది ప్రమాణం చేసినంత. తేదీ తప్పు వేసినవాడు తాపీ పక్కన పెట్టెయ్యాలని మా గురువు అనేవాడు.

ఇదెందుకని పాస్టరు గారు అడిగారు. గోడలకు చెవులుంటాయి గాని నోరు లేదండీ, అందుకే గాజు పెడతాం అన్నాను. నవ్వారు. కుర్రవాడు, ఈ ఒక్క ఏడాదిలో ముసలాడైపోయాడు. వచ్చిన దగ్గర్నుంచి ఆయన చేసినవన్నీ సమాధి ప్రార్థనలే. మా పిల్లకూ ఆయనే చేశారు.

"ఈ ఏడంతా పూడ్చడమే సరిపోయింది మేస్త్రీ గారూ. ఒక్క పుట్టుకైనా చూద్దాం" అన్నారు. క్రిస్మస్ ఈ గోడల మధ్యే జరగాలని ఆయన ఆశ. గాజు పగిలితే మాత్రం వెంటనే చెప్పమన్నారు, తాళం వేసేస్తారట.

నవంబరు 27

గాజు బాగుంది. ఇంట్లో మాట లేదు.

నవంబరు 29

చర్చి ఊడవడం ఈ శనివారం మా ఆవిడ వంతు. పిల్ల పోయాక ఆ వంతు దర్జీ అక్కే చేస్తూ వచ్చింది. ఈసారి ఎందుకో తనే చీపురు తీసుకుని బయల్దేరింది.

మధ్యాహ్నం తిరిగి వచ్చింది. వేలికి గుడ్డ చుట్టుకుని ఉంది. చీపురు పుల్ల గుచ్చుకుందట. చేతులు కడుక్కుని, కూర్చుని, నా ముఖంలోకి చూసి, "ఈ క్రిస్మస్‌కి పాడతానండీ" అంది.

వేసవి నుంచి ఈ మనిషి నోట కీర్తన లేదు. ప్రార్థనలో ఆమెన్ అనడం కూడా మానేసింది. అక్కడ అందరూ పాడుతుంటే తను చెప్పుల వైపు చూస్తూ కూర్చునేది. అలాంటిది తనంతట తానే అడిగింది. పిల్ల నిలబడే చోట, గ్యాలరీ చివర కిటికీ దగ్గర నిలబడతానంది. ఇంకెక్కడా వద్దట.

ప్రాణం లేచి వచ్చింది నాకు. సైకిలు వేసుకుని వెళ్ళి దర్జీ అక్కకు చెప్పాను. క్వయర్ నడిపేది ఆవిడే, హార్మోనియమూ ఆవిడదే. విని కుట్టు మిషను ఆపి కళ్ళు తుడుచుకుంది.

నవంబరు 30

పగిలింది.

ఆరాధన అయ్యాక, అందరూ వెళ్ళాక పైకెక్కి చూశాను. సగం పట్టీ ముద్దకు అంటుకుని ఉంది, రెండో సగం లేదు. కింద వెతికాను. నేల అద్దంలా ఉంది, ఒక్క నలుసు లేదు. గాలికి కొట్టుకుపోయిందా అంటే కిటికీ మూసే ఉంది.

చెప్పాలి. చెప్తే తాళం పడుతుంది. తాళం పడితే ఆవిడ మళ్ళీ చెప్పుల వైపు చూస్తూ కూర్చుంటుంది. ఈసారి ఎన్నేళ్ళు కూర్చుంటుందో.

చలి ఒక్కసారిగా దిగింది కదా. చలికి పగిలి ఉంటుంది.

డిసెంబరు 1

కొత్త గాజు పెట్టాను. చలికి పగిలినదానికి కొత్త తేదీ ఎందుకు, పాతదే వేశాను. మేకు పట్టిన చెయ్యి వణికింది. చలి.

డిసెంబరు 4

మొదటి ప్రాక్టీసు. వెనక బల్ల మీద కూర్చుని విన్నాను. క్వయర్‌లో మిగిలినది నలుగురు. ముగ్గురు గ్యాలరీ మెట్ల దగ్గర, హార్మోనియం పక్కన నిలబడతారు. అటువైపు గోడ ఉక్కులాంటిది, గుద్ది చూశాను. మా ఆవిడ ఒక్కతే ఈ చివర, కిటికీ దగ్గర.

గొంతు తుప్పు పట్టి ఉంది. రెండో చరణానికి తుప్పు రాలింది. మూడో చరణంలో పిల్ల గొంతు వినపడ్డట్టయి నేను బయటికి వచ్చేశాను.

ఆ బీట కిందే నిలబడింది. కాని గాజు బాగుంది.

డిసెంబరు 6

బాగుంది. చలి అనుకున్నది నిజమే.

డిసెంబరు 9

ఇంట్లో పండగ వాతావరణం అని రాయాలి, రాసి చాలా కాలమైంది కాబట్టి. పిల్ల బట్టల పెట్టె తీసింది. ఇన్నాళ్ళు నన్ను ముట్టుకోనివ్వలేదు. అన్నీ మడత పెట్టి దర్జీ అక్కకు ఇచ్చి వచ్చింది, చిన్నపిల్లలకు క్రిస్మస్‌కు దేవదూతల గౌన్లు కుట్టమని. లేత పసుపు రంగుది మాత్రం అక్క మనవరాలికేనని గట్టిగా చెప్పిందట. ఆ పిల్ల ఒక్క క్షణం ఆగదు, అందుకే అందరూ బొంగరం అంటారు.

పెట్టె ఖాళీ అయ్యాక గుడ్డతో లోపల తుడిచి, "ఇక ఇందులో మీ పనిముట్లు పెట్టుకోండి" అంది. నవ్వుతూనే అంది. మనిషి తేలికపడింది. దుఃఖానికీ ఒక గడువుంటుంది, పచ్చి గోడ ఆరినట్టే అదీ ఆరుతుంది. దేవుడికి వందనాలు చెప్పాను. చెప్పేటప్పుడు గోడ గుర్తొచ్చి, ప్రార్థన త్వరగా ముగించాను.

డిసెంబరు 11

మళ్ళీ పగిలింది. ఈసారి రెండు ముక్కలూ అక్కడే ఉన్నాయి, మధ్యలో సన్నటి గీత.

పిల్లి. ఆ కిటికీలో పిల్లి తిరుగుతుంది, నేనే చూశాను. గంట అదురు కూడా తక్కువేమీ కాదు. పాత గంట, దాన్ని కొడితే పళ్ళు కదులుతాయి.

డిసెంబరు 12

నిచ్చెన మీద ఉండగా పాస్టరు గారు వచ్చారు. కొత్త గాజు అప్పుడే అతికించాను, ముద్ద తడిగానే ఉంది, మేకు చేతిలో ఉంది. తేదీ సగం గీశాను. పాత తేదీ.

"గాజు ఎలా ఉంది?" అని కింద నుంచి అడిగారు.

"చూస్తున్నారుగా, చెక్కుచెదరలేదు" అన్నాను.

ఆయనకు కింద నుంచి తడి కనపడదు. దేవునికి స్తోత్రం అని, దగ్గుకుంటూ వెళ్ళిపోయారు. ఆయన దగ్గు వినడం బాగాలేదు. ఇంటికి వచ్చేటప్పుడు దారిలో ఎవరు పలకరించినా ఉలిక్కిపడ్డాను. గుమ్మడికాయల దొంగ ఎవరంటే భుజాలు తడుముకున్నట్టు.

ఒక్క క్రిస్మస్. ఆ తర్వాత నేనే గోడంతా విప్పి కడతాను, కూలి కూడా అడగను.

డిసెంబరు 14

ఆరాధన నుంచి వచ్చాక ఆవిడ నాకు వంట నేర్పింది. పెళ్ళయిన దగ్గర్నుంచి పొయ్యి దగ్గరికి రానివ్వని మనిషి, ఈవేళ చెయ్యి పట్టుకుని లాక్కుపోయింది. ఉప్పు ఎక్కడుంటుంది, పప్పు ఏ డబ్బాలో, స్టవ్ మంట నీలంగా లేకపోతే ఏం చెయ్యాలి, అన్నీ. నేను గరిట పట్టిన తీరు చూసి, తాపీ అనుకున్నారా, అది కలపాలి, పూయకూడదు అంది. ఇద్దరం నవ్వుకున్నాం. గిన్నె మాడింది. అయినా తిన్నాం.

ఎందుకీ వయసులో ఈ చదువు అని అడిగితే, తెలిసి ఉండటం మంచిది కదా అంది.

నిజమే, మంచిదే.

డిసెంబరు 15

చలి కోటు గుండీలన్నీ గట్టిగా కుట్టి పెట్టింది. ఊడనివి కూడా.

డిసెంబరు 17

ఇద్దరం సమాధుల తోటకు వెళ్ళాం. మామూలుగా నేను వెళ్ళి వస్తాను, ఆవిడ గేటు దగ్గర ఆగిపోతుంది. ఈసారి లోపలికి వచ్చి పిల్ల సమాధి చుట్టూ గడ్డి పీకింది. అది అయ్యాక పక్కనున్న ఖాళీ స్థలంలో కూడా పీకడం మొదలుపెట్టింది. అది మనది కాదే అన్నాను.

"ఎవరిది?" అంది.

"ఇంకా ఎవరిదీ కాదు."

తల ఊపి, అక్కడ రాళ్ళు కూడా ఏరి పక్కన పోసింది. దారంతా కూనిరాగం తీస్తూనే వచ్చింది. నాకెందుకో ఆ రాగం నచ్చలేదు. ఏమిటో, మంచి జరుగుతుంటే చూడలేని కళ్ళు నావి. దిష్టి నేనే పెట్టేలా ఉన్నాను.

డిసెంబరు 19

దర్జీ అక్క అంటోంది, రోజూ తుడిచినా హార్మోనియం మీద సున్నం పొడి పడుతోందట. పాత భవనం అక్కా, ముసలితనం, మనకు చుండ్రు రాలినట్టే అన్నాను. నవ్వి ఊరుకుంది. నేను వేసే ప్రతి జోకుకూ ఈ మధ్య అందరూ నవ్వుతున్నారు. నాకే నవ్వు రావడం లేదు.

అందరూ వెళ్ళాక ఒక్కణ్ణే గ్యాలరీలో కూర్చుని చెవి గోడకు ఆనించాను. లోపల ఇసుక జారుతున్న చప్పుడు. ఎలుకలు కావచ్చు.

డిసెంబరు 20

బాగుంది. బాగుంది. బాగుంది.

డిసెంబరు 21

క్రిస్మస్ ముందు ఆఖరి ఆదివారం, పూర్తి ప్రాక్టీసు. దర్జీ అక్క ఉన్నట్టుండి కొత్త ఆలోచన చేసింది. దూతలు కింద బల్లల ముందు నిలబడితే ఏం బాగుంటుంది, దూతలన్నాక పైనుంచి కదా కనపడాలి అంది. పాస్టరు గారికి నచ్చింది. మెట్ల వైపు హార్మోనియం, క్వయర్ ఉన్నాయి కాబట్టి చోటు లేదు. పిల్లలందరినీ తీసుకెళ్ళి ఈ చివర, కిటికీ దగ్గర నిలబెట్టారు. మా ఆవిడ చుట్టూ.

నేను కింద నిలబడి ఉన్నాను. నోరు తెరిచాను. తెరిచి, పిల్లలు జారతారేమో చూసుకో అక్కా, రెయిలింగు ఎత్తు తక్కువ అన్నాను. అంతే వచ్చింది నోట్లోంచి. రెయిలింగు సంగతి!

బొంగరం ఎవరూ చెప్పకుండానే వచ్చి మా ఆవిడ చెయ్యి పట్టుకుని నిలబడింది. ఒంటి మీద లేత పసుపు గౌను. పాట మొదలైంది. మొదటి చరణం సగంలో మా ఆవిడ గొంతు ఆగిపోయింది. తల ఎత్తి బీట వైపు చూసింది. మళ్ళీ పిల్ల వైపు చూసింది. హార్మోనియం కొంతసేపు ఒంటరిగా మోగి అదీ ఆగింది. గొంతు పట్టేసిందని చెప్పి దిగి వచ్చేసింది.

ఇంట్లో మాట లేదు. వేడినీళ్ళు తాగమన్నాను, తాగలేదు. చలి పడి ఉంటుంది.

చలి, చలి. ఎన్నిసార్లు రాశాను ఈ మాట.

డిసెంబరు 22

జరిగింది జరిగినట్టు రాస్తాను. ఇది రాయకపోతే ఈ డైరీ ఎందుకు.

పొద్దున టీ పెట్టింది. రెండు గ్లాసులూ బల్ల మీద ఉంచి, కుట్టు డబ్బా తెచ్చి మూత తీసింది. దూదిలో చుట్టి ఉన్నదాన్ని విప్పి నా గ్లాసు పక్కన పెట్టింది. సగం గాజుపట్టీ. నేను కోసిన గాజు నాకు తెలియదా?

"చీపురు పుల్ల కాదు, ఇది గుచ్చుకుంది" అంది. "మీకంటే ముందు నేనే చూశాను. చూసే, పాడతానన్నాను."

నాకు అర్థం కాలేదు. కాదు, అర్థమైంది, కాని వద్దనుకున్నాను.

"ఆ చివర నేనొక్కదాన్నే కదా. ఆ గోడ నా మీద పడితే ఎవరి పాపమూ ఉండదు, నేను చేతులారా చేసుకున్నట్టూ ఉండదు. మన పిల్ల దగ్గరికి వెళ్ళిపోవచ్చు అనుకున్నాను."

బజారుకు వెళ్ళొస్తానన్నట్టు చెప్పింది. టీ మీద మీగడ కడుతోంది, నేను దాన్నే చూస్తున్నాను. ఇంటి దొంగను ఈశ్వరుడైనా పట్టలేడంటారు. మా ఇంట్లో దొంగలు ఇద్దరు.

"నువ్వు నవ్వుతున్నావు కదే. పెట్టె సర్దావు. వంట నేర్పావు" అన్నాను. అంటుంటేనే ఒక్కొక్కటీ దాని అసలు ముఖంతో నా ముందుకొచ్చి నిలబడింది. గుండీలు. గడ్డి పీకిన ఆ ఖాళీ స్థలం.

"మీరు వెళ్ళి చెప్తారని, తాళం పడుతుందని చూశాను. మీరు కొత్త గాజు పెట్టారు, పాత తేదీ వేశారు. తర్వాత ఇంకోటి. సరే, వద్దనేవాళ్ళెవరూ లేరు, దేవుడు కూడా అనలేదు అనుకున్నాను."

నేను ఆవిడను బతికించుకోవడానికి పెట్టిన గాజు అది. ఆవిడ దాన్ని అనుమతి అనుకుంది. ఈ వాక్యం రాసి చాలాసేపు కలం పక్కన పెట్టాను.

నేను ఏడ్చాను. ఆవిడ ఏడవలేదు, నా భుజం మీద చెయ్యి వేసి కూర్చుంది. ఇప్పుడెందుకు చెప్తున్నావని అడిగాను.

"బొంగరం నా చెయ్యి పట్టుకుంది. చెమట చెయ్యి, వెచ్చగా ఉంది. వదలలేదు" అంది. "నాది పోయింది చాలదా, ఇంకో ఇంటిదాన్ని కూడా తీసుకుపోతానా? వెళ్ళి చెప్పండి. నాకూ చెప్పుకోవాల్సింది ఉంది, నేనూ వస్తాను."

ఇద్దరం వెళ్ళాం. పాస్టరు గారు తన గదిలో నక్షత్రానికి రంగు కాగితం అతికిస్తున్నారు. నేను నిలబడే చెప్పాను. రెండుసార్లు పగిలింది, రెండుసార్లూ మార్చాను, పాత తేదీ వేశాను, మీ ముఖం మీదే అబద్ధం ఆడాను. ఆయన కాగితం వదల్లేదు, అలాగే పట్టుకుని విన్నారు. తిడితే బాగుండేది. మా ఆవిడ కూర్చుని మెల్లగా తన మాట చెప్పింది. అప్పుడు కాగితం పక్కన పెట్టి, నేల మీద ఆవిడ ముందు మోకాళ్ళ మీద కూర్చున్నారు. బైబిలు వాక్యమేదీ చెప్పలేదు. "అమ్మా, నాక్కూడా ఈ ఏడు చాలాసార్లు లేవాలనిపించలేదు" అన్నారు.

ముగ్గురం కలిసి వెళ్ళి తాళం వేశాం. తాళం చెవి ఆవిడ చేతికిచ్చారు.

డిసెంబరు 23

పెదవి దాటితే పృథివి దాటుతుంది. నా సంగతి మాత్రమే దాటింది, ఆవిడది ఆ గది దాటలేదు. సంఘ పెద్దలు వచ్చి గుమ్మం బయటే నిలబడి మాట్లాడి వెళ్ళారు. దర్జీ అక్క వచ్చింది. నా ముఖం చూసి, "నా మనవరాల్ని దాని కింద నిలబెడుతుంటే రెయిలింగు ఎత్తు గురించి మాట్లాడావు తమ్ముడూ" అంది. అంతకన్నా ఒక్క మాట అనలేదు. ఇక నాతో మాట్లాడదట. మాట్లాడకపోవడమే న్యాయం.

క్రిస్మస్ ఎక్కడ అన్నది తేలలేదు. బడి హాలు జ్వరాల వార్డుగా మారినప్పటి నుంచి మంచాలతోనే ఉంది. ఈ ఏటికి ఎవరింట్లో వాళ్ళు ప్రార్థన చేసుకోండని పెద్దలు అన్నారు. ఎవరింట్లో వాళ్ళు! ఈ ఏడంతా చేసింది అదే కదా.

"మన సామాన్ల షెడ్డు ఉంది" అంది మా ఆవిడ. అక్కడ ఇసుక, పరంజా కర్రలు, గమేళాలు, సిమెంటు దుమ్ము. పాస్టరు గారు విని, ప్రభువు పుట్టిన చోటుకంటే శుభ్రంగానే ఉంటుందిలే అన్నారు.

సాయంత్రం గ్యాలరీ ఎక్కి పాత గాజు, ముద్దలు చెక్కేసి, కొత్తది పెట్టాను. పాస్టరు గారు నిచ్చెన పట్టుకున్నారు. డిసెంబరు 23 అని గీశాను. పైకి చదవమన్నారు. చదివాను.

డిసెంబరు 24

షెడ్డు ఖాళీ చేస్తున్నాం. ఆవిడ ఊడుస్తోంది, నేను కర్రలు మోస్తున్నాను. కనపడకపోతే ఎక్కడున్నావే అని కేక వేస్తాను. ఉన్నాను అంటుంది. ఇంకో రెండు కర్రలు మోసి మళ్ళీ పిలుస్తాను. ఉన్నానండీ అంటుంది. పొద్దుట్నుంచీ ఇదే పాట.

విసుక్కోవడం లేదు. ఒకసారి నేను మరిచిపోతే, "పిలవలేదేం?" అని తనే వచ్చింది.

పాడతావా అని అడిగాను. తెలియదంది. ఈసారి నవ్వలేదు. నవ్వకపోవడం చూసి నాకు కొంచెం ధైర్యం వచ్చింది. ఇలా రాస్తానని ఎప్పుడూ అనుకోలేదు.

డిసెంబరు 25

తెల్లారి పాస్టరు గారూ నేనూ వెళ్ళి తాళం తీసి చూశాం. గాజు పగిలి ఉంది. పిల్లి కాదు, చలి కాదు, గంట మోగలేదు. రెండు ముక్కల మధ్య గోరు పట్టేంత సందు. పాస్టరు గారు కిటికీ కింద పిల్లలు నిలబడాల్సిన చోటును చూస్తూ నిలబడ్డారు. కిందికి వచ్చాక మళ్ళీ తాళం వేస్తుంటే ఆయన చెయ్యి కూడా వణికింది. దానికి చలి అని పేరు పెట్టలేదు.

షెడ్డుకు ఎవరూ రారనుకున్నాను. వచ్చారు. మొదట ఇద్దరు ముగ్గురు, తర్వాత బల్లలు మోసుకుంటూ, తర్వాత ఇసుక గుట్ట మీద కూర్చునేంతమంది. నాతో మాట్లాడనివాళ్ళు కూడా వచ్చారు, నా ముఖం తప్పించి చూస్తూ. దర్జీ అక్క హార్మోనియం దించుతుంటే ఒక చివర పట్టుకున్నాను. వద్దనలేదు, థాంక్స్ కూడా అనలేదు.

పాస్టరు గారి ప్రసంగం చిన్నది, మధ్యలో దగ్గు. ఇది గుర్తున్నంత వరకు రాసుకుంటున్నాను.

"ఆయన పుట్టడానికి గట్టి ఇల్లు చూసుకుని రాలేదు. బీటలు వారిన ఇంట్లోకే వచ్చాడు. గోడ పడదని మాట ఇవ్వడానికి కాదు, గోడ కింద ఉన్నవాళ్ళ దగ్గర ఉండటానికి వచ్చాడు. మనం ఎక్కడున్నావని కేక వేస్తే, ఉన్నాను అనడానికి."

ఈ మనిషి నిన్న షెడ్డు బయట నిలబడి మా కేకలు విని ఉంటాడు. తల వంచుకున్నాను.

తర్వాత పాట. దూతలకు ఎత్తైన చోటు లేదు కాబట్టి సున్నం డ్రమ్ముల మీద నిలబెట్టారు. మా ఆవిడ చివర కాదు, మధ్యలో నిలబడింది. ఎవరూ నిలబెట్టలేదు. బొంగరమే లాక్కుపోయింది. మొదటి చరణం ఆవిడ నోరు విప్పలేదు. రెండోదీ అంతే. నేను ఆశ వదులుకుని ఇసుక వైపు చూస్తున్నాను. అప్పుడు బొంగరం డ్రమ్ము మీద నుంచి జారింది. దూత కాస్తా ఇసుకలో పడింది. ఏడవబోయి, అందరూ చూస్తున్నారని ఏడుపు మింగింది. మా ఆవిడ దాన్ని ఎత్తి చంకనేసుకుని, పసుపు గౌను దులుపుతూ, దాని చెవి దగ్గర పాట అందుకుంది. ఎవరి కోసమూ కాదు, దాని ఏడుపు ఆపడానికి. గొంతు పగిలింది, అతుక్కుంది, మళ్ళీ పగిలింది. ఏడుస్తూ పాడింది. పిల్ల పోయాక ఇదే మొదటిసారి ఆవిడ ఏడవడం. నేను పాడలేను, మేస్త్రీ గొంతు. అయినా పాడాను. దర్జీ అక్క నా వైపు చూసింది, చూసి శ్రుతి ఒక మెట్టు దించింది. నాకు అందాలనే అయి ఉంటుంది.

ఇది సంతోషమేనా? దుఃఖం ఎక్కడికీ పోలేదు, అక్కడే ఇసుక మీద మా మధ్యే కూర్చుంది. కాని సంతోషం కూడా వచ్చి దాని పక్కనే కూర్చుంది. రెండూ జరిగి చోటు ఇచ్చుకున్నాయి.

సాయంత్రం వెలుతురు ఉండగానే నేను చర్చికి బయల్దేరాను, పగిలిన గాజు మార్చాలి కదా. గోడ విప్పేదాకా అది కదులుతున్న లెక్క తెలియాలి. ఆవిడ చెప్పులు వేసుకుంది. లోపలికి రానివ్వడం ఇష్టం లేదు, గుమ్మం దగ్గరే ఉండు అన్నాను. వద్దు, ఆ గోడను నేను మామూలు గోడలా చూడాలి అంది. మెట్ల వైపు, ఉక్కులాంటి గోడ దగ్గర నిలబడి సిమెంటు కలిపిన గమేళా అందించింది. ముద్దలు పెట్టి గాజు అతికించాను. మేకు తీశాను.

"నేను రాస్తాను" అంది.

నిచ్చెన కిందికి దిగి, ఇంకో ముద్ద చిన్న పలక మీద వేసి ఇచ్చాను. దాని మీద వంకర అంకెలతో ఈ రోజు తేదీ గీసి ఇచ్చింది. బీట కిందికి ఆవిడను రానివ్వలేదు, నేనే తీసుకెళ్ళి గాజు పక్కన అంటించాను.

గేటు దాకా వచ్చాక వెనక్కి తిరిగి కిటికీ వైపు చూసింది.

"రేపు పొద్దున వచ్చి చూద్దామండీ" అంది.

ఈ డైరీలో వెనక్కి తిరగేసి చూశాను. వంట నేర్పిన రోజున గాని, పెట్టె తుడిచిన రోజున గాని, ఆవిడ నోట రేపు అన్న మాట లేదు.